ఏ ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ మీ స్టూడియోకి సరిపోతుంది? కార్డు నుంచి ఆల్బమ్ దాకా సమగ్ర మార్గదర్శి

పర్లాకిమిడి, కాశీనగర్, గుణుపూర్, రాయగడ, బరంపురం. ఆంధ్ర సరిహద్దుకు దగ్గర్లో, ఒడిశాలో ఉన్న ఈ ఊళ్లలో స్టూడియో నడిపే తెలుగువాళ్లకు ఒకే వారంలో రాత్రి ముహూర్తపు తెలుగు పెళ్లి ఒకటి, ఒడియా పెళ్లి ఇంకొకటి, మధ్యలో పాస్‌పోర్టు ఫొటోలు, పట్టుచీరల దుకాణానికి వాట్సాప్ ఫొటోలు అన్నీ వస్తాయి. ఆల్బమ్ అట్ట మీద పేర్లు ఒక ఇంటికి తెలుగులో కావాలి, ఇంకో ఇంటికి ఒడియాలో కావాలి. ఆల్బమ్ పేజీలు, అంటే షీట్లు, ల్యాబ్‌లో ప్రింట్ అయ్యేది బరంపురంలోనో శ్రీకాకుళంలోనో విశాఖపట్నంలోనో కాబట్టి, రంగు తప్పితే అక్కడే నిలబడి సరిచేయించుకునే వీలుండదు.

అందుకే ‘ఏ సాఫ్ట్‌వేర్ మంచిది’ అని అడిగితే పనికొచ్చే జవాబు రాదు. మీ కెమెరా మెమరీ కార్డులోని ఫొటో ల్యాబ్ షీటుగా మారే దారిలో ఎక్కడ ఆగుతోంది, ఆ చోట ఏది సాయపడుతుంది అని చూడాలి. ఆ చూపుతోనే ఈ మెట్లు రాశాం. వరసగా చేసుకుంటూ వెళ్తే పది రోజుల్లో తేలిపోతుంది.

మెట్టు 1: పనిని నాలుగు ముక్కలు చేసి టైము కొలవండి

కార్డు నుంచి ఎక్కించుకుని మంచివి ఏరడం ఒక పని. వెలుతురు, రంగు సరిచేయడం రెండోది. మొటిమలు, వెనకాల వేలాడే వైర్లు తీసే రిటచింగ్ మూడోది. షీటు డిజైను, అక్షరాలు నాలుగోది. ఫొటోషాప్, గింప్, అఫినిటీ చివరి రెండు పనులకు పుట్టినవి. లైట్‌రూమ్ క్లాసిక్, క్యాప్చర్ వన్, డార్క్‌టేబుల్ మొదటి రెండింటికి పుట్టినవి. ఒక దాని పనిని ఇంకొక దానితో చేయిస్తే పని అవుతుంది గానీ రాత్రిళ్లు పోతాయి.

2002లో వచ్చిన ఫొటోషాప్ 7తోనే ఇప్పటికీ నడుస్తున్న స్టూడియోలు మన దగ్గర ఉన్నాయి. అందులో ఒక్కో జేపెగ్ తెరిచి, కర్వ్స్ వేసి, సేవ్ చేసి మూసేసరికి ఒకటిన్నర నిమిషం అనుకోండి. 400 ఫొటోలకు 10 గంటలు. అదే తలంబ్రాల దగ్గర ఒకే లైటులో తీసిన 60 ఫొటోల్లో ఒకటి సరిచేసి, ఆ సెట్టింగులు మిగతా 59కి అంటించే సాఫ్ట్‌వేర్‌లో ఆ సీను మొత్తం పది నిమిషాల్లో ఒక రూపుకొస్తుంది.

ఏరడం దగ్గర కూడా లెక్క ఇలాగే ఉంటుంది. పెళ్లికి 2500 ఫొటోలు, ఒక్కో దాన్నీ 3 సెకన్లు చూస్తే 2 గంటల 5 నిమిషాలు. ప్రతి ఫొటో స్పష్టంగా కనబడటానికి సాఫ్ట్‌వేర్ ఇంకో 2 సెకన్లు తీసుకుంటే ఊరికే 1 గంట 23 నిమిషాలు పోయినట్టే. ఫోన్‌లో స్టాప్‌వాచ్ పెట్టుకుని, ఇటీవలి ఒక పెళ్లికి ఈ నాలుగు పనుల టైమూ కాగితం మీద రాయండి. ఎక్కువ పట్టిన పనికే కొత్త సాఫ్ట్‌వేర్ వెతకాలి. డిజైనింగ్‌లో ఆలస్యమవుతుంటే లైట్‌రూమ్ కొన్నందువల్ల ఏమీ మారదు.

మెట్టు 2: కెమెరా, కంప్యూటర్ ఒప్పుకుంటాయా చూడండి

ప్రతి కొత్త కెమెరా మోడల్ రా ఫైలునూ (జేపెగ్‌గా మారకముందు కెమెరా పట్టిన ముడి ఫైలు) సాఫ్ట్‌వేర్ విడిగా నేర్చుకోవాలి. కెనాన్ సీఆర్3, నికాన్ ఎన్ఈఎఫ్, సోనీ ఏఆర్‌డబ్ల్యూ అని పేరు ఒకటే ఉన్నా లోపల మోడల్‌కో తేడా ఉంటుంది. పాత ఫొటోషాప్ సీఎస్6లో కొత్త కెమెరా ఫైలు తెరుచుకోకపోతే ఫైలు పాడైందని కంగారు పడకండి. అడోబీ ఉచితంగా ఇచ్చే డీఎన్‌జీ కన్వర్టర్‌లో పాత వెర్షన్‌కు సరిపడే కంపాటిబిలిటీ ఎంచుకుని మారిస్తే తెరుచుకుంటుంది. ఒరిజినల్ రా ఫైళ్లను మాత్రం తీసేయకండి.

రా ఫైలును కుదించి రాసే ప్రత్యేక పద్ధతులు కొన్ని కొత్త కెమెరాల్లో ఉన్నాయి. నికాన్‌లో హై ఎఫిషియెన్సీ అనేది అలాంటిదే. ఉచిత సాఫ్ట్‌వేర్ మీద ఆధారపడాలనుకుంటే ముందుగా ఆ సెట్టింగులో ఒక ఫొటో తీసి తెరిచి చూడండి. తెరుచుకోకపోతే కెమెరాలో లాస్‌లెస్ కంప్రెషన్‌కు మార్చుకోండి. పెళ్లి అయ్యాక తెలిస్తే చేయగలిగేది తక్కువ.

కంప్యూటర్ సంగతి. 12×36 అంగుళాల కరిజ్మా ఆల్బమ్ షీటు 300 డీపీఐలో 10800×3600 పిక్సెళ్లు, అంటే 3.88 కోట్ల పిక్సెళ్లు. 8 బిట్‌లో నిండు లేయర్ (ఒకదాని మీద ఒకటి పేర్చే పొర) ఒక్కటే 110 ఎంబీ దాటుతుంది, 16 బిట్‌లో దానికి రెట్టింపు. అలాంటి లేయర్లు ఇరవై ఉన్న పీఎస్‌డీని, అంటే ఫొటోషాప్ ఫైలును, 8 జీబీ ర్యామ్‌లో తెరిస్తే డిస్కు గిరగిరా తిరుగుతుందే తప్ప మౌస్ కదలదు. 16 జీబీ ర్యామ్, సిస్టమ్‌కూ, మెట్టు 3లో చెప్పే క్యాటలాగ్‌కూ ఒక ఎస్‌ఎస్‌డీ, ఈ రెండూ ఉన్నాకే సాఫ్ట్‌వేర్ ఖర్చు గురించి ఆలోచించండి. చాలా స్టూడియోల్లో ‘లైట్‌రూమ్ స్లో’ అన్న మాట వెనక ఉన్నది పాత హార్డ్ డిస్కే.

మెట్టు 3: మీరు చేసిన పని ఎక్కడ దాచబడుతుందో తెలుసుకోండి

సాఫ్ట్‌వేర్ ఎంపికలో అన్నిటికన్నా బరువైన విషయం ఇదే. స్లైడర్లు అన్నిటిలోనూ దాదాపు ఒకటే. ఎడిట్‌ను ఎక్కడ రాసుకుంటుందన్న దాంట్లోనే ఒక్కో సాఫ్ట్‌వేర్ ఒక్కో దారి.

లైట్‌రూమ్ క్లాసిక్‌ది క్యాటలాగ్ పద్ధతి. ఫొటోలు ఎక్కడివక్కడే ఫోల్డర్లలో ఉంటాయి. మీరు ఇచ్చిన స్టార్లు, వేసిన రంగులు, కత్తిరింపులు మాత్రం క్యాటలాగ్ అనే ఒకే ఒక ఫైలులోకి వెళ్తాయి. వేల ఫొటోల్లో వెతకడానికి ఇంతకు మించిన సుఖం లేదు. కానీ దాని తీరు అర్థం కాకపోతే మూడు చోట్ల దెబ్బ తగులుతుంది.

మొదటిది, విండోస్‌లో ఫోల్డర్ పేరు మార్చడం, జరపడం. క్యాటలాగ్‌కు పాత చిరునామానే తెలుసు కాబట్టి ఫొటో మీద ఆశ్చర్యార్థకం గుర్తు వస్తుంది. ఫొటో పోలేదు, ఆచూకీ పోయింది. ఫోల్డర్ మీద కుడి క్లిక్ చేసి ‘ఫైండ్ మిస్సింగ్ ఫోల్డర్’ ఎంచుకుని కొత్త చోటు చూపిస్తే సరి. బయటి హార్డ్ డిస్క్ నిన్న ‘E’ డ్రైవ్, ఇవాళ ‘F’ డ్రైవ్ అని కనబడినా ఇదే గొడవ. డిస్క్ మేనేజ్‌మెంట్‌లోకి వెళ్లి ఒక్కో డిస్కుకు ఒక్కో అక్షరం, ఎక్స్, వై అంటూ చివరి అక్షరాలు, స్థిరంగా ఇచ్చేయండి.

రెండోది, లైట్‌రూమ్ మూసేటప్పుడు అడిగే బ్యాకప్. అది క్యాటలాగ్‌కు మాత్రమే బ్యాకప్. అందులో ఒక్క ఫొటో కూడా ఉండదు. ‘వారం వారం బ్యాకప్ తీస్తున్నాం’ అని ధీమాగా ఉండి డిస్కు పోయాక నెత్తి కొట్టుకోవడం ఇక్కడే జరుగుతుంది. ఆ బ్యాకప్‌ను వేరే డిస్కుకు మళ్లించండి, ఫొటోల ఫోల్డర్లను విడిగా ఇంకో రెండు చోట్ల కాపీ చేయండి, అందులో ఒక కాపీ స్టూడియోలో కాక ఇంట్లో ఉండాలి.

మూడోది కరెంటు. క్యాటలాగ్ ఫైలు రాస్తుండగా కరెంటు పోతే అది చెడిపోవచ్చు. వానాకాలంలో గజపతి, రాయగడ కొండ ప్రాంతాల్లో పనిచేసేవాళ్లకు పది నిమిషాలు నిలబెట్టే యూపీఎస్ సాఫ్ట్‌వేర్ కన్నా ముందు కొనాల్సిన వస్తువు.

డార్క్‌టేబుల్, రాథెరపీలది పక్క ఫైలు పద్ధతి. ప్రతి ఫొటో పక్కనే చిన్న ఫైలు పెట్టి ఎడిట్‌ను అందులో రాస్తాయి. డార్క్‌టేబుల్ ఎక్స్‌ఎంపీ రాస్తుంది, రాథెరపీ పీపీ3 రాస్తుంది. ఫోల్డర్‌ను అలాగే ఇంకో కంప్యూటర్‌కు కాపీ చేస్తే ఎడిట్ కూడా వెంట వస్తుంది. అన్నయ్య ఇంట్లో ఏరితే తమ్ముడు షాపులో డిజైన్ చేసే స్టూడియోలకు ఇది బాగా నప్పుతుంది. ‘ఈ చిన్న ఫైళ్లేమిటి, చెత్త’ అని ఎవరో తుడిచేస్తే మాత్రం పని పోయే ప్రమాదం ఉంది. షాపులో పనిచేసే కుర్రాడికి ఈ ముక్క మొదటి రోజే చెప్పాలి.

క్యాప్చర్ వన్‌లో క్యాటలాగ్‌తో పాటు సెషన్ అనే పద్ధతి ఉంది. ఒక్కో పనికి ఒక్కో ఫోల్డర్, అందులో క్యాప్చర్, సెలెక్ట్స్, అవుట్‌పుట్, ట్రాష్ అని నాలుగు గదులు. పని అయ్యాక ఫోల్డర్ మొత్తాన్ని డిస్కులోకి ఎత్తేయవచ్చు. పెళ్లికొక సెషన్ అనుకుంటే లెక్క సాఫీగా ఉంటుంది.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. ఒక సాఫ్ట్‌వేర్‌లో వేసిన రంగుల ఎడిట్ ఇంకో దాంట్లో అలాగే తెరుచుకోదు. స్టార్లు, పేర్లు, కీవర్డులు ఎక్స్‌ఎంపీ ద్వారా వెళ్తాయి, కత్తిరింపు లాంటివి కొన్ని వెళ్లొచ్చు, మిగతాది వెళ్లదు. డార్క్‌టేబుల్ తన పక్క ఫైలుకు ఫొటో పూర్తి పేరు తర్వాత ఎక్స్‌ఎంపీ అని చేర్చి పెడుతుంది. లైట్‌రూమ్ ఫొటో పేరులోని ఎన్ఈఎఫ్ లాంటి తోక తీసేసి ఎక్స్‌ఎంపీ పెడుతుంది. అందుకే ఒకే ఫోల్డర్‌లో రెండు రకాల పక్క ఫైళ్లు కనబడితే భయపడక్కర్లేదు, ఒకటి దానిది, ఒకటి దీనిది. లైట్‌రూమ్ వాడేవాళ్లు క్యాటలాగ్ సెట్టింగ్స్‌లో ‘ఆటోమేటిగ్గా ఎక్స్‌ఎంపీలో రాయి’ అన్న టిక్కు పెట్టుకుంటే క్యాటలాగ్ పోయినా ఎడిట్లు చాలావరకు తిరిగొస్తాయి. కలెక్షన్లు, వర్చువల్ కాపీలు రావు. ఏరడానికి స్టార్లు వాడటం అందుకే మంచిది.

మెట్టు 4: మీ ఫొటోలతోనే పరీక్ష పెట్టండి

డెమో వీడియోల్లో ఏ సాఫ్ట్‌వేరైనా బ్రహ్మాండంగానే ఉంటుంది. మీ పనిలోంచే 20 రా ఫైళ్లు తీసి ‘పరీక్ష’ అని ఫోల్డర్ కట్టండి. అందులో ఈ ఐదు రకాలు తప్పక ఉండాలి.

ఎర్ర పట్టుచీర. బరంపురం పట్టులో నిండు ఎరుపు, అంచున గుడి శిఖరాల వరస, జరీ ఉంటాయి కదా. పసుపు లైటు కింద తీస్తే ఎరుపు ఛానల్ గరిష్ఠమైన 255 తాకి ఆగిపోతుంది, చీర ఒక ఎర్ర ముద్దలా మారి ఆ శిఖరాల అంచు గీతలు చీరలో కలిసిపోతాయి. హిస్టోగ్రామ్‌లో, అంటే వెలుతురు పంపకం చూపే గ్రాఫులో, మూడు రంగులూ విడిగా చూపించే సాఫ్ట్‌వేర్ అయితే ఇది కనబడుతుంది. ఎక్స్‌పోజర్ మూడో వంతు నుంచి మూడింట రెండు వంతుల స్టాప్ దించి, ఎరుపు ఒక్కదాని సాచురేషన్ తగ్గించి చూడండి. జరీ నూలు మళ్లీ విడిగా కనబడుతోందా? కనబడిన దానికి ఒక మార్కు. అసలు ఫొటో తీసేటప్పుడే కెమెరాలో ఆర్‌జీబీ హిస్టోగ్రామ్ పెట్టుకుంటే సగం బాధ తప్పుతుంది. తెల్ల హిస్టోగ్రామ్ ఒక్కటే చూస్తే ఎరుపు 255 తాకి ఆగడం తెలియదు.

ఒడియా పెళ్లి మకుటం. శోలా బెండుతో చేసిన తెల్లటి మకుటం ఫ్లాష్ వెలుగులో తేలిగ్గా తెల్లబోతుంది. హైలైట్స్ పూర్తిగా దించినప్పుడు బెండు రేకులు తిరిగొస్తున్నాయా, లేక బూడిదరంగు మచ్చలా మిగిలిపోతోందా చూడండి.

పసుపు ముఖం. మంగళస్నానం తర్వాత చెంపల మీద, మెడ దగ్గర పసుపు అక్కడక్కడ మిగిలిన ఫొటో. వైట్ బ్యాలెన్స్ మారిస్తే గోడ నీలమైపోతుంది, పసుపు మాత్రం పోదు. క్యాప్చర్ వన్ కలర్ ఎడిటర్‌లో స్కిన్ టోన్ అని ఒక భాగం ఉంది. అందులో యూనిఫార్మిటీ పెంచితే చర్మమంతా ఎంచుకున్న ఛాయ వైపు ఒదుగుతుంది. లైట్‌రూమ్‌లో మనుషుల మాస్కుతో చర్మాన్ని మాత్రమే పట్టి రంగు జరపొచ్చు. డార్క్‌టేబుల్‌లో రంగును బట్టి పట్టే పారామెట్రిక్ మాస్కు ఉంది, చేయి తిరగడానికి కొన్నాళ్లు పడుతుంది. పసుపు అసలు లేకుండా చేయకండి. పెళ్లికూతురి ముఖంలో పసుపు ఛాయ ఉండాలనే ఇంట్లోవాళ్లు కోరుకుంటారు, మచ్చల్లా ఉండటమే వాళ్లకు నచ్చదు.

మండపంలో నీలం, గులాబీ ఎల్ఈడీ లైట్లు పడ్డ ముఖాలు. ఇది ఏ సాఫ్ట్‌వేర్‌కూ పూర్తిగా లొంగదు. ఒక్కో ముఖానికి విడిగా వైట్ బ్యాలెన్స్ పెట్టే మాస్కు ఎంత త్వరగా పడుతోందో మాత్రమే కొలవండి.

ఐఎస్‌ఓ 6400లో తీసిన రాత్రి ఊరేగింపు ఫొటో. అలాంటి ఫొటోలో కనబడే గింజల్లాంటి మచ్చలు తీసే ఏఐ డీనాయిజ్ లైట్‌రూమ్‌లో 2023 ఏప్రిల్‌లో వచ్చింది. డీఎక్స్‌ఓ కంపెనీ సాఫ్ట్‌వేర్‌లో ఇదే పని చేసే డీప్‌ప్రైమ్ ఉంది, ఈ విషయంలో దానిది గట్టి చెయ్యి. రెండూ గ్రాఫిక్స్ కార్డు మీద ఆధారపడేవే. కార్డు లేని కంప్యూటర్‌లో ఒక్క ఫొటోకే నిమిషాలు పట్టొచ్చు. మీ మెషిన్ మీద ఒక ఫొటోకు ఎంత పట్టిందో చూసి, ఆల్బమ్‌కు వెళ్లే ఫొటోల సంఖ్యతో గుణించండి. 12×36 షీటులో చిన్న గడిలో వచ్చే ఫొటోకు డీనాయిజ్ అక్కర్లేదు. పరచిన పెద్ద ఫొటోకు చాలు.

మెట్టు 5: ఒక్కో సాఫ్ట్‌వేర్ గురించి మా అంచనా

లైట్‌రూమ్ క్లాసిక్, ఫొటోషాప్ జోడీ. ఏడాదికి పది పెళ్లిళ్లు దాటిన స్టూడియోకు మా మొదటి ఓటు దీనికే. ఏరడం, రంగు, మాస్కులు ఒకచోట, అక్కడినుంచి కంట్రోల్ ఇ నొక్కితే ఫొటోషాప్. దిగుమతి చేసేటప్పుడు ప్రివ్యూల దగ్గర ‘ఎంబెడెడ్ అండ్ సైడ్‌కార్’ ఎంచుకోండి. కెమెరా రా ఫైలులో దాచిన జేపెగ్‌నే చూపిస్తుంది కాబట్టి వెంటనే ఏరడం మొదలుపెట్టొచ్చు. క్యాప్స్‌లాక్ పెట్టి స్టార్ అంకె నొక్కితే తనంతట తానే తర్వాతి ఫొటోకు వెళ్తుంది. చందా ఆపేస్తే ఏమవుతుందో ముందే తెలుసుకోండి: ఫొటోలు చూడొచ్చు, ఎక్స్‌పోర్ట్ చేయొచ్చు, డెవలప్ భాగం మాత్రం మూసుకుపోతుంది. లైసెన్సు చూసుకోవడానికి అప్పుడప్పుడూ నెట్ కూడా కలపాలి. సిగ్నల్ అందని ఊళ్లకు ల్యాప్‌టాప్‌తో బయల్దేరే ముందు ఒకసారి నెట్ పెట్టి తెరిచి వెళ్లండి.

లైట్‌రూమ్ అనే పేరుతో రెండున్నాయి. క్లాసిక్ అన్నది కంప్యూటర్ డిస్కు చుట్టూ నడుస్తుంది. ఉత్త లైట్‌రూమ్ క్లౌడ్ చుట్టూ నడుస్తుంది. పెళ్లికి 70 జీబీ రా ఫైళ్లు క్లౌడ్‌లోకి ఎక్కించడం మన నెట్‌తో అయ్యే పని కాదు. క్లాసిక్ తీసుకోండి.

డార్క్‌టేబుల్. ఉచితం, 2009 నుంచి ఉంది, విండోస్‌లోనూ లినక్స్‌లోనూ నడుస్తుంది. రా ఫైలు తెరవగానే కెమెరా జేపెగ్‌లా కనబడదు, చప్పగా ఉంటుంది. అది చూసి వదిలేసేవాళ్లే ఎక్కువ. టోన్ మ్యాపింగ్‌కు సిగ్మాయిడ్ ఎంచుకోండి, కొత్తవాళ్లకు ఫిల్మిక్ కన్నా ఇది తేలిక. లెన్స్ కరెక్షన్, ఎక్స్‌పోజర్, కలర్ క్యాలిబ్రేషన్, సిగ్మాయిడ్, ఈ నాలుగు మాడ్యూళ్లతోనే మొదటి నెల గడపండి. మిగతావి తెరవకండి. సరిచేసిన ఫొటో మీద కంట్రోల్ సీ, మిగతావి ఎంచుకుని కంట్రోల్ వీ, అంతే. ఓపెన్‌సీఎల్ ఆన్ అయి గ్రాఫిక్స్ కార్డు వాడుకుంటోందో లేదో సెట్టింగుల్లో చూడండి, వేగంలో చాలా తేడా ఉంటుంది.

రాథెరపీ కూడా ఉచితమే. ఒక్క ఫొటోలోని సూక్ష్మ వివరాన్ని బయటికి తీయడంలో బాగుంటుంది. వందల ఫొటోల పెళ్లి పనికి డార్క్‌టేబులే నయం.

గింప్. 2025 మార్చిలో 3.0 వచ్చాక ఫిల్టర్లు లేయర్ మీద విడిగా నిలబడుతున్నాయి, తర్వాత మార్చుకోవచ్చు. రా ఫైలు తనంతట తాను తెరవదు, డార్క్‌టేబుల్‌నో రాథెరపీనో పిలుస్తుంది. కొనుక్కున్న పీఎస్‌డీ డిజైన్లు తెరుస్తుంది గానీ స్మార్ట్ ఆబ్జెక్టులు, లేయర్ స్టైళ్లు అనుకున్నట్టు రాకపోవచ్చు. మీ ఆల్బమ్ పని అంతా పీఎస్‌డీ టెంప్లేట్ల మీదే నడుస్తుంటే ఫొటోషాప్ వదలడం కష్టం, అది ఒప్పేసుకోవాలి.

అఫినిటీని 2024లో కాన్వా కొంది, 2025 అక్టోబరు చివర్లో ఒకే యాప్‌గా ఉచితం చేసింది. కాన్వా ఖాతా కావాలి. ఏఐ పనిముట్లకు విడిగా డబ్బు కట్టాలి. రిటచింగ్, షీటు కూర్పు బాగా చేస్తుంది. ఏరడానికీ సర్దడానికీ క్యాటలాగ్ లేదు. తెలుగు అక్షరాల సంగతి కింది మెట్టులో చూసి నిర్ణయించుకోండి.

క్యాప్చర్ వన్ ఖరీదైనది. కెమెరాను వైరుతో కంప్యూటర్‌కు కట్టి తీసే పనికి, అంటే చీరల దుకాణాల కేటలాగ్ ఫొటోలకు, దీన్ని మించింది లేదు. చీర వేసిన మనిషి కదలకముందే పెద్ద తెర మీద రంగు చూసి సరిచేసుకోవచ్చు.

కెమెరా కంపెనీ ఇచ్చే ఉచిత సాఫ్ట్‌వేర్‌ను చిన్నచూపు చూడకండి. కెనాన్ డీపీపీ, నికాన్ ఎన్ఎక్స్ స్టూడియో, సోనీ ఇమేజింగ్ ఎడ్జ్. మీ కెమెరా జేపెగ్‌లో కనబడే రంగే రా నుంచి కావాలంటే వీటిలోనే దగ్గరగా వస్తుంది. నెమ్మదిగా నడుస్తాయి, మాస్కుల పనిలో వెనకబడి ఉంటాయి.

క్రాక్ కాపీలు మాత్రం వద్దు. వాటితో వచ్చే వైరస్ ఫైళ్లన్నిటికీ తాళం వేసి డబ్బు అడిగితే పోయేది మీ సాఫ్ట్‌వేర్ కాదు, ఇంకొకరి పెళ్లి. ఉచితమైనవి ఇన్ని ఉండగా ఆ ముప్పు దేనికి?

మెట్టు 6: తెలుగు, ఒడియా అక్షరాల పరీక్ష

సరిహద్దు జిల్లాల్లో ఈ పరీక్ష తప్పనిసరి. కొత్త షీటులో ఈ మాటలు టైపు చేయండి: లక్ష్మీ, రాష్ట్రం, స్త్రీ, జ్యోత్స్న. మూడేసి హల్లులు ఒకదాని కింద ఒకటి సరిగా దిగాలి. సాఫ్ట్‌వేర్‌కు తెలుగు రాకపోతే లక్ష్మీ కాస్తా ‘లక్‌ష్‌మీ’ అని పొల్లులతో విడిపోతుంది. ఒడియాలో ‘కే’ అనే అక్షరం టైపు చేయండి. ఆ ఏత్వం గుర్తు హల్లుకు ఎడమ పక్కన కూర్చోవాలి. కుడి పక్కన పడిందంటే ఆ సాఫ్ట్‌వేర్ ఒడియా అట్టలకు పనికిరాదు. ఒడియా మీకు చదవడం రాకపోతే తెలిసినవాళ్లకు చూపించాకే ల్యాబ్‌కు పంపండి.

ఫొటోషాప్‌లో ఇలా విడిపోతే ప్రిఫరెన్సెస్‌లో టైప్ భాగానికి వెళ్లి వరల్డ్ రెడీ లేఅవుట్ ఎంచుకుని, మూసి మళ్లీ తెరవండి. అంతకుముందు రాసిన లేయర్లు వాటంతట అవి మారకపోవచ్చు, కొత్త లేయర్‌లో మళ్లీ టైపు చేయడమే సులువు. ఫొటోషాప్ 7 లాంటి పాత వాటిలో యూనికోడ్ తెలుగు సరిగా రాదు. అందుకే స్టూడియోలు తెలుగుకు అనూ, ఒడియాకు ఆకృతి అనే, యూనికోడ్ కాని పాత ఫాంట్లు పట్టుకుని ఉన్నాయి. వాటిలో చిక్కేమిటంటే, ఆ ఫాంట్ లేని కంప్యూటర్‌లో పీఎస్‌డీ తెరిస్తే పేరు బదులు పిచ్చి గుర్తులు వస్తాయి. బయటి డిజైనర్‌కు పంపే ముందు అక్షరాల లేయర్‌ను రాస్టరైజ్ చేసిన, అంటే బొమ్మగా మార్చిన, కాపీ ఒకటి ఉంచండి.

గింప్‌లో తెలుగు, ఒడియా ఒత్తులు మామూలుగానే సరిగా కూర్చుంటాయి. యూనికోడ్‌లో ఉచితంగా దొరికే రామభద్ర, మండలి, ఎన్టీఆర్ లాంటి తెలుగు ఫాంట్లు అట్టలకు చక్కగా ఉంటాయి, ఒడియాకు నోటో శాన్స్ ఒరియా ఉంది. ఫైలు పేర్లు మాత్రం ఇంగ్లిష్ అక్షరాల్లో, అంకెల్లో ఉండనివ్వండి. తెలుగు పేరున్న ఫైలును ల్యాబ్‌లోని పాత సాఫ్ట్‌వేర్ తెరవలేకపోవచ్చు.

మెట్టు 7: ల్యాబ్ దాకా పంపి చూడండి

తెర మీద గెలిచిన సాఫ్ట్‌వేర్ కాగితం మీద కూడా గెలవాలి. పరీక్ష ఫోల్డర్‌లోని ఎర్రచీర, మకుటం, పసుపు ముఖం ఫొటోలను ఎస్ఆర్‌జీబీ అనే రంగుల ప్రొఫైల్‌లో, 300 డీపీఐ, 8×12 అంగుళాలు అంటే 2400×3600 పిక్సెళ్లకు, ఎక్కువ క్వాలిటీ జేపెగ్‌గా ఎక్స్‌పోర్ట్ చేసి మీ ల్యాబ్‌కే పంపండి. ప్రింటింగ్ వాళ్లను ‘కలర్ కరెక్షన్ చేయకుండా వేయండి’ అని కోరండి, లేకపోతే మీ తప్పు మీకు తెలియదు.

ప్రింటు పగటి వెలుగులో, కిటికీ దగ్గర చూడండి. మొత్తం చీకటిగా వస్తే చాలాసార్లు తప్పు ఫైలుది కాదు, మీ మానిటర్ వెలుగు ఎక్కువగా ఉంది. క్యాలిబ్రేషన్ పరికరం ఉంటే 6500 కెల్విన్, గామా 2.2, వెలుగు 100 నుంచి 120 క్యాండెలాల మధ్య పెట్టండి. పరికరం లేకపోతే ఈ ప్రింటును మానిటర్ పక్కన పెట్టుకుని రెండూ ఒకేలా కనబడే దాకా వెలుగు తగ్గించండి. విండోస్ నైట్ లైట్ ఆపేసి ఉందో లేదో చూసుకోండి.

చీర ఎరుపు చచ్చుబడి ఇటుక రంగులా వచ్చిందంటే ఎక్స్‌పోర్ట్ అడోబీ ఆర్‌జీబీలో జరిగి ఉంటుంది. ప్రొఫైల్ చదవని మెషిన్ దాన్ని ఎస్ఆర్‌జీబీ అనుకుని వేస్తుంది. లైట్‌రూమ్ నుంచి ఫొటోషాప్‌కు పంపేటప్పుడు ప్రోఫొటో ఆర్‌జీబీలో వెళ్లి, అక్కడినుంచి అలాగే జేపెగ్ సేవ్ అవడం కూడా దీనికి ఒక కారణం. ఫొటోషాప్‌లో సేవ్ చేసే ముందు ‘కన్వర్ట్ టు ప్రొఫైల్’తో ఎస్ఆర్‌జీబీకి మార్చండి. పక్కనే ఉండే ‘అసైన్ ప్రొఫైల్’ నొక్కితే రంగులు మారిపోతాయి, ఆ రెండింటినీ కలపకండి.

పాస్‌పోర్టు ఫొటోల పనికి ఇంత అక్కర్లేదు. 35×45 మిల్లీమీటర్లకు 300 డీపీఐలో 413×531 పిక్సెళ్లు, 4×6 కాగితం మీద ఎనిమిది పడతాయి. యాక్షన్ రికార్డు చేసుకుంటే ఫొటోషాప్‌లో ఒక్క బటన్‌తో అయిపోతుంది.

మెట్టు 8: మారడం

పరీక్షల్లో నెగ్గింది తేలాక కూడా చేతిలో ఉన్న పెళ్లిని పాత దాంట్లోనే ముగించండి. కొత్తది వచ్చే పెళ్లి నుంచి మొదలుపెట్టండి, అది కూడా చిన్న ఫంక్షన్ అయితే మంచిది. సీజను మధ్యలో మారొద్దు.

పాత పనుల్లో మళ్లీ అడిగే అవకాశం ఉన్నవి, అంటే ఆల్బమ్‌కు ఎంచినవి, 16 బిట్ టిఫ్‌గా గానీ పెద్ద జేపెగ్‌గా గానీ ఎక్స్‌పోర్ట్ చేసి దాచండి. అన్నీ చేయడం అనవసరం. లైట్‌రూమ్ నుంచి మారేవాళ్లు చందా ఆపకముందే ఫొటోలన్నీ ఎంచుకుని మెటాడేటాను ఫైళ్లలోకి సేవ్ చేస్తే స్టార్లూ పేర్లూ వెంట వస్తాయి.

ఖర్చు పెట్టలేని స్టూడియోకు మా కూర్పు: ఏరడానికి, సర్దడానికి డిజీకామ్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్, రంగుకు డార్క్‌టేబుల్, అట్టలకు గింప్. పెళ్లిళ్ల మీదే బతికే స్టూడియోకు: లైట్‌రూమ్ క్లాసిక్, ఫొటోషాప్, బాగా చీకటి ఫొటోలకు అందులోనే డీనాయిజ్. చీరల కేటలాగ్ పని ఎక్కువుంటే క్యాప్చర్ వన్ సెషన్లు, అక్షరాలకు ఫొటోషాప్.

పాత సాఫ్ట్‌వేర్ ఉన్న కంప్యూటర్‌ను, దాని అనూ, ఆకృతి ఫాంట్లతో సహా, కనీసం ఏడాది పాటు ఫార్మాట్ చేయకండి. పోయినేడు ఇచ్చిన ఆల్బమ్‌కు ఇంకో కాపీ కావాలనో, అట్ట మీద ఇంటిపేరు సరిచేయాలనో ఎవరైనా వస్తే ఆ పీఎస్‌డీ సరిగా తెరుచుకునేది దాంట్లోనే.